మిరప చేలో ఉప్పూ పంచదార నీళ్ళు

సేవ చేయాలన్న తపనతో బయల్దేరానని రాస్తే వినడానికి బాగుంటుంది గానీ, అది అబద్ధం. ఆ ఆదివారం వెళ్ళాల్సిన లెక్చరర్ గారింటికి చుట్టాలు దిగారు. మా సంఘంలో మిగిలినవాళ్ళకు తలా ఒక కారణం దొరికింది. నాకు సమయానికి ఏ కారణమూ తోచలేదు, అంతే. వరసగా రెండో ఆదివారం నేనే మూట కట్టుకోవాల్సి వచ్చింది. మా సంఘమంటే పెద్దదేమీ కాదు. గుంటూరులో పదిహేనుమంది ఆడవాళ్ళం, చాలావరకు పంతులమ్మలం. గాలివానొచ్చినా కరువొచ్చినా బియ్యం, పాతబట్టలు పోగుచేసి పట్టుకెళ్తుంటాం. ఈసారి పని వేరు. వానల్లేక కనిగిరి, పామూరు వైపు కూలి జనం మిరపకోతలకని మార్టూరు చుట్టుపక్కల చేలకు వలస వచ్చి, చేల గట్ల మీదే గుడిసెలు వేసుకున్నారు. ఎండలు ముదిరి కాలవ అడుగంటేసరికి ఆ గుడిసెల్లో పసిపిల్లలకు వాంతులు, విరేచనాలు పట్టుకున్నాయి. ఇద్దరు పిల్లలు పోయారని కబురొచ్చింది. మందు పొట్లాలు వచ్చేలోగా ఉప్పూ పంచదారా కలిపిన నీళ్ళు పట్టించడం తల్లులకు నేర్పించమని మాకు ఒకపూట తర్ఫీదు ఇచ్చారు. నేను హైస్కూల్లో సైన్సు చెబుతాను, గొంతు పెద్దది. ఆ రెండు అర్హతల మీద నన్ను పంపించారు. సెలవుల్లో మీరూ ఇలాంటి పనికి వెళ్ళాలనుకుంటుంటే దారీ తెన్నూ తెలుస్తాయని ఇది రాస్తున్నాను. ఘనకార్యం చేశానని మాత్రం కాదు.

గుంటూరు బస్టాండులో ఒంగోలు వెళ్ళే తొలి బస్సు ఐదున్నరకు కదులుతుంది. మార్టూరుకు టిక్కెట్టు ఐదు రూపాయల చిల్లర. కూర్చుని వెళ్ళాలంటే ఐదింటికల్లా చేరి కిటికీలోంచి రుమాలు వేయాలి. నా దగ్గర రుమాలుతో పాటు పది కిలోల పంచదార, ఐదు కిలోల ఉప్పు, డజను సబ్బులు, ఒక పాతబట్టల మూట ఉన్నాయి. కండక్టరు మూటలకేసి చూసి పెన్సిలు చెవి మీంచి తీశాడు.

"ఏందమ్మా ఈ సామాను? కాపరం పెట్టటానికి పోతన్నారా? లగేజీ కొట్టాలి."

"పంచదారండీ. మార్టూరు కాడ మిరపకోత కూలీల పిల్లలకు జబ్బుచేసింది."

"అందరూ ఇట్టాగే చెప్తారు," అన్నాడు. అంటూనే మూటను కాలితో సీటు కిందికి తోసి, లగేజీ టిక్కెట్టు కొట్టకుండానే ముందుకు పోయాడు. మనిషి మంచివాడే, మాటే మోటు. ఊరు దాటేదాకా యార్డుకు వెళ్ళే మిరప లారీలు ఎదురొస్తూనే ఉన్నాయి. ఒక్కో లారీ దాటినప్పుడల్లా బస్సంతా తుమ్ములు. నా పక్కన కూర్చున్నావిడ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని ఒంగోలు దాకా నిద్రపోయే ఏర్పాటు చేసుకుంది. ఆవిడను చూసి అసూయపడ్డాను. ముందురోజు రాత్రి పరీక్ష పేపర్లు దిద్దుతూ ఎప్పుడు పడుకున్నానో నాకే తెలియదు.

ఏడింటికి చిలకలూరిపేట. అక్కడ బస్సు పావుగంట ఆగుతుంది. బస్టాండు ఎదురుగా ఉన్న చిన్న హోటల్లో రూపాయికి మూడిడ్లీ పెడతారు, చట్నీ మళ్ళీ అడిగితే కాదనరు. వంట చేసేవాడు పెనం దగ్గర్నుంచే ఆర్డర్లు వింటాడు. మిరప చేలకు వెళ్తున్నానని చెబితే, "అయితే కడుపునిండా తినండమ్మా. ఆ ఘాటులో మధ్యాన్నం మెతుకు దిగదు," అని అడక్కుండానే ఇంకో ఇడ్లీ వేశాడు. అతను చెప్పింది నూటికి నూరుపాళ్ళు నిజం. పేటలోనే నాకు తోడుగా సలోమీ గారు ఎక్కారు. ఆవిడ నర్సుగా చేసి రిటైరయ్యారు. అరవై దాటాయి, మోకాళ్ళ నొప్పులు, కత్తిలాంటి నోరు. చంకలో బ్లీచింగు పౌడరు డబ్బా పెట్టుకుని బస్సెక్కుతూనే, "టీచర్ గారూ, మీ మొహం చూస్తుంటే ముందు మీకే సెలైను పెట్టాలేమో అనిపిస్తోంది," అన్నారు.

ఎనిమిదికి మార్టూరులో దిగాం. అక్కడి నుంచి బస్సు లేదు. కోత పెట్టించిన రైతు తన ట్రాక్టరు పంపించాడు. తోలేవాడి పేరు సుబ్బయ్య. ఐదు మైళ్ళు అడ్డంగా నల్లరేగడి దారి, గంటకు తక్కువ పట్టదు. ట్రక్కులో కూర్చుంటే ఎముకలు లెక్కపెట్టుకోవచ్చు. ఒకవైపు తీసేసిన పత్తి మోళ్ళు, రెండోవైపు కోతకొచ్చిన మిరప. "పోయిన వారం కంటే తగ్గిందా సుబ్బయ్యా?" అని సలోమీ గారు అడిగితే, "పెద్దోళ్ళకి తగ్గిందండీ. ఆ చివరి గుడిసెలో పిల్ల ఉంది చూడండి, నాగమ్మ కూతురు, దానికే బాగాలేదు. నిన్నటి నించి కళ్ళు లోపలికి పోయినయ్యి," అన్నాడు.

తొమ్మిదిన్నరకు చేరాం. ముప్పై దాకా గుడిసెలు. కొన్నిటికి తాటాకు, మిగిలినవాటికి ఎరువుల సంచులు విప్పి కుట్టిన పరదాలు. పక్కనే కల్లంలో ఎండబోసిన మిరపకాయలు, చూపు నిలవనంత ఎరుపు. కాలవ అవతల ఇంకో ఇరవై గుడిసెలున్నాయి. బావిలో బ్లీచింగు కలిపి అటు వెళ్ళొస్తానని సలోమీ గారు బయల్దేరుతూ నాకు పని అప్పజెప్పారు. "ముందు నాగమ్మ పిల్లను చూడండి. నీళ్ళు పడుతూనే ఉండాలి. ఒంటికి పోస్తోందో లేదో కనిపెట్టండి. పోస్తే గట్టెక్కినట్టే. సాయంత్రం దాకా పొయ్యకపోతే మాత్రం ఆసుపత్రికి తీసుకుపోవాలి."

పిల్ల పేరు మల్లి. పధ్నాలుగు నెలలు. నాయనమ్మ గురవమ్మ ఒళ్ళో గుడ్డపీలికలా పడుంది. ఏడుస్తోంది గానీ కంట్లో చుక్క నీరు లేదు. తల్లి నాగమ్మకు ఇరవై ఏళ్ళు కూడా ఉండవు. ఆ పూటకు కోత మానేసి ఆగిన పదకొండుమంది తల్లులను ఆ గుడిసె ముందే కూర్చోబెట్టి పాఠం మొదలుపెట్టాను. చిన్న చెంబు నిండా కాచి చల్లార్చిన నీళ్ళు, గుప్పెడు పంచదార, మూడువేళ్ళ చిటికెడు ఉప్పు. గుడిసెల్లో చెంచాలుండవు కాబట్టి చేతి కొలతే నేర్పమన్నారు. చేత్తోనే కలపాలి. పిల్ల గుటకలు వేయలేకపోతే తల్లి వేలు ముంచి నోట్లో పెట్టాలి. నేను చెప్పడం అయిందో లేదో గురవమ్మ పిల్లను చాప మీద పడుకోబెట్టి ముందుకొచ్చింది.

"నేను కలుపుతానమ్మా. కోతకి పోయే చేత్తో బిడ్డలకి ఏమీ పెట్టకూడదు మాకు. ఈ ఏడు గుడిసెల పిల్లలకీ నేనే పెడతా."

నేను ఆవిడ చేతులు చూశాను. పగిలిన వేళ్ళు, నల్లటి గోళ్ళు, బొటనవేలికి నశ్యం మరక. 'పెట్టకూడదు' అన్నమాట నా చెవికి అంటూముట్టూ మాటలా వినిపించింది. దానికి తోడు అత్త పెత్తనం కూడా కనిపించింది. తర్ఫీదులో మరీ మరీ చెప్పారు, నేర్పాల్సింది తల్లికి, అడ్డొచ్చేది ముసలివాళ్ళు అని. ఇక ఊరుకుంటానా! "కోడలి చేతికేమైందమ్మా? కన్నతల్లి చేతికంటే మంచి చెయ్యి ఎక్కడుంది? ఇలాంటి పట్టింపులతోనే పిల్లల ప్రాణాల మీదికి తెస్తున్నారు," అని క్లాసులో వెనక బెంచీ వాళ్ళను కసిరినట్టు కసిరాను. పడుచు తల్లులు కొందరు నవ్వారు. ఆ నవ్వు నాకు నచ్చింది కూడా. గురవమ్మ కోప్పడలేదు. "సరేమ్మా, చదువుకున్నోళ్ళు," అని మళ్ళీ పిల్ల దగ్గరికి పోయి కూర్చుంది.

నాగమ్మ చేత రెండుసార్లు సబ్బుతో చేతులు కడిగించాను. నేను తెచ్చిన సబ్బే, మంచి వాసన సబ్బు. పాపం ఎంత శ్రద్ధగా చేసిందో! గుప్పెడు కొలిచింది, చిటికెడు వేసింది, మోచేతి దాకా తడుపుకుంటూ వేళ్ళతో కలిపింది. "రుచి చూడు. కన్నీళ్ళకంటే ఉప్పగా ఉండకూడదు," అన్నాను. నాకి చూసి, "బాగానే ఉందమ్మా," అంది. నిజానికి నేర్పేవాళ్ళే ముందు తాగి చూడాలని తర్ఫీదులో చెప్పారు. నేను తాగలేదు. ఆ చెంబు అంచు చుట్టూ పట్టిన నలుపు చూస్తే నాకు మనసొప్పలేదు. ఇది రాయడానికి సిగ్గుగా ఉంది. రాయకపోతే మిగతాది రాయడంలో అర్థం లేదు.

పదిన్నర నుంచి పన్నెండున్నర దాకా గుడిసె గుడిసెకూ తిరిగి ఇదే పాఠం చెప్పాను. గొంతు పోయింది. నీడంటూ ఎక్కడా లేదు. తెచ్చుకున్న పెరుగన్నం పొట్లం ట్రాక్టరు చక్రం పక్కన కూర్చుని విప్పితే, పేటలో వంటమనిషి చెప్పినట్టే నాలుగు ముద్దలు కూడా దిగలేదు. కళ్ళు మూసుకుంటే అక్కడే నిద్రపోయేలా ఉన్నాను. ఆ ఎండలో ఆ ఘాటులో నెలల తరబడి ఉంటున్నవాళ్ళ ముందు నేను అలసిపోయానని అనుకోవడం ఏమిటని కూడా అనిపించింది. అయినా అలసట అలసటే కదా!

ఒంటిగంటకు మళ్ళీ నాగమ్మ గుడిసెకు వెళ్ళాను. చెంబులో నీళ్ళు పొద్దున ఉన్నట్టే ఉన్నాయి. మల్లి గొంతు బొంగురుపోయింది. పెదాలు ఎర్రగా ఉబ్బి ఉన్నాయి. జ్వరం వల్ల అనుకున్నాను. పొద్దుట్నుంచీ ఒంటికి పొయ్యలేదన్నారు. నాకు తిక్క రేగింది.

"ఏం చేస్తున్నావు నువ్వు పొద్దున్నించీ? పట్టించమన్నానా లేదా?"

"పడతానే ఉన్నానమ్మా. ఏలు పెడితే కెవ్వుమంటంది. ఉమ్మేస్తంది," అంది నాగమ్మ, ఏడుపు ఆపుకుంటూ.

"పిల్లలు ఉమ్మేస్తారు. మనం వదిలేస్తామా?" అని పిల్లను నేనే ఒళ్ళోకి తీసుకున్నాను. రెండు బుగ్గలూ నొక్కిపట్టి చెంబు వంచాను. మల్లి గిలగిల్లాడింది. ఆ గొంతులో అంత అరుపు ఎక్కడినుంచి వచ్చిందో తెలియదు. సగం నీళ్ళు నా చీర మీద పడ్డాయి, సగం లోపలికి పోయాయి. పోయాయని తృప్తిపడ్డాను. నాగమ్మ మొహం తిప్పుకుంది. "ఇందులో ఏముందని భయం? ఉప్పూ పంచదారేగా! ఇదుగో, నేను తాగుతున్నా చూడు," అని ఆ చెంబు ఎత్తి రెండు గుక్కలు తాగాను. తాగింది నీళ్ళ మంచిచెడ్డలు తెలుసుకోవడానికి కాదు, ఆ పిల్లతల్లిని తప్పుపట్టడానికి.

మొదట తీపి, తర్వాత ఉప్పు. ఆ తర్వాత నాలుక చివర నుంచి గొంతు దాకా మంట. దగ్గొచ్చి కళ్ళ వెంట నీళ్ళు కారాయి. గుంటూరు కారం తిని పెరిగినదాన్ని, నాకే అంత మండితే! ఆ నీళ్ళే ఆ పసిదాని నోట్లో పొద్దుట్నుంచీ వేలితో పూయించాను. కాసేపటి కింద బుగ్గలు నొక్కి నా చేత్తో నేనే పోశాను. చెంబు కింద పెట్టాను. ఎవరి మొహంలోకి చూడాలో తెలియలేదు.

గురవమ్మే మాట్లాడింది. ఎత్తిపొడుపు ఏమీ లేదు ఆ గొంతులో, వంట గురించి చెప్పినట్టు చెప్పింది. "కోత మొదలైతే ఈ మంట చేతులొదలదమ్మా. సబ్బుకి పోదు. నీళ్ళు తగిలితే ఇంకా రేగుద్ది. ఆముదం రాసి తుడిచి బూడిదేసి రుద్దినా కొంతే పోద్ది. అందుకే ఏడు గుడిసెలకి ఒక మనిషి కోతకి పోకుండా ఆగిపోద్ది మాలో. నేను మిరక్కాయ ముట్టి రెండు నెల్లు. కూరలో కారం కూడా ఇంకోళ్ళే ఏస్తారు. నా కోడలు పిల్లకి పాలిచ్చేటప్పుడు రవిక ముడి కూడా నేనే ఇప్పుతా."

"మరి నువ్వెందుకు చెప్పలేదే?" అని నాగమ్మను అడిగాను. అడగడానికి నాకేం హక్కుందో తెలియదు గానీ అడిగాను.

నాగమ్మ నేల చూపులు చూస్తూ చెప్పింది. "మాకు సబ్బుండదు గదమ్మా, బూడిదే. మీ సబ్బుతో పోద్దేమో అనుకున్నా. మంచి సబ్బు గదాని. నా నోటికి మంట తెలవలేదు. కోతల్లో మాకు నోరెప్పుడూ అట్టాగే ఉంటది."

సైన్సు టీచర్ని నేను. మిరపలో ఘాటు నీళ్ళకు కరగదని, నూనెకు మాత్రమే లొంగుతుందని ఏటా పిల్లలకు చెబుతాను. ఆ మాట పుస్తకంలో ఉన్నంతసేపే నాకు తెలుసు.

గురవమ్మ చేతులు కడుక్కుని వేరే గిన్నెలో కొత్తగా నీళ్ళు కలిపింది. ఈసారి ముందు నేను తాగి చూశాను. బాగున్నాయి. కానీ మల్లి నోరు తెరవలేదు. గిన్నె కనబడితే చాలు, పళ్ళు గిట్టకరుచుకుని తల వెనక్కి వాలుస్తోంది. నీళ్ళంటేనే భయం పట్టుకుంది దానికి, ఆ భయం నేర్పింది నేను. గురవమ్మ నీళ్ళు కొబ్బరి చిప్పలోకి వంచి గిన్నె పక్కన పెట్టేసింది, ఉతికిన పాతచీర అంచు చింపి నీళ్ళలో ముంచింది. దాన్ని పిల్ల పెదాలకు తాకించకుండా తన చెంపకు రాసుకుని, తన నోట్లో పెట్టుకుని చప్పరించింది. మళ్ళీ ముంచింది, మళ్ళీ చప్పరించింది. పది నిమిషాలు ఆ ఆట ఆడితే మల్లి తల ఇటు తిప్పింది. ఆ గుడ్డ అంచు నోట్లో పెట్టించుకుంది. నేను అక్కడ కూర్చోలేకపోయాను. మిగతా పదిమంది తల్లుల గుడిసెలకు పరుగెత్తాను. చెంబుల్లో నీళ్ళు పారబోయించి, ఎక్కడికక్కడ కోతకు పోని మనిషి చేత మళ్ళీ కలిపించాను. రెండుచోట్ల పిల్లల పెదాలు ఎర్రగానే ఉన్నాయి. ఒకావిడ పొద్దున్నే పారబోసి, "ఆ టీచరమ్మకేం తెలుసు," అని తన ఆడబిడ్డతో కలిపించిందట. నన్ను చూసి తడబడింది. ఆవిడకు దణ్ణం పెట్టాలనిపించింది.

రెండుంపావుకు సలోమీ గారు వచ్చారు. జరిగింది చెప్పాను. నన్ను ఒక్కమాటైనా అంటారని ఎదురుచూశాను. ఆవిడ మల్లి పొట్ట మీద చర్మం పట్టుకుని వదిలారు. అది వెంటనే సర్దుకోలేదు, ముడతలాగే నిలబడింది. "పేట ఆసుపత్రికి తీసుకుపోవాలి, సెలైను ఎక్కించాలి. ట్రాక్టరు ఏదీ?" అన్నారు. ట్రాక్టరుకు అప్పటికే వంద మిరప బస్తాలు ఎక్కించేశారు. వాటి మీద ఆ పిల్లను కూర్చోబెడితే దారిలోనే ఊపిరాడదు. సుబ్బయ్య తలగుడ్డ విప్పి దులిపాడు. "రైతు తిడితే నన్ను తిడతాడు, మీకెందుకు. దించండ్రా!" అని కేకేశాడు. నలుగురు మగవాళ్ళు దించడం మొదలుపెట్టారు. గంటపైనే పడుతుందన్నారు. అంతదాకా గురవమ్మ గుడ్డ ముంచుతూనే ఉంటుంది, ఈలోగా పిల్ల ఒంటికి పోస్తే సరే, లేకపోతే బయల్దేరడమే అని సలోమీ గారు తేల్చారు.

ఆ గంటన్నర నాకు చేతిలో పనిలేదు. గుడిసె బయట మట్టిలో కూర్చున్నాను. బస్తా నేల మీద పడ్డ చప్పుడు వినబడ్డప్పుడల్లా లోపలికి చూడడం, గురవమ్మ తల అడ్డంగా ఊపడం. అప్పుడు గుర్తొచ్చింది, అంతకుముందు ఆదివారం. బల్లికురవ వైపు వేరే చేలో ఇంకో గుంపు గుడిసెలు, అక్కడా ఇదే పాఠం, అదే గొంతు. అక్కడ ఒక మగపిల్లాడు నీళ్ళు తాగనని ఒకటే ఏడుపు. వాళ్ళమ్మ నాకేసి బెదురుగా చూస్తూ వేలు ముంచి పెడుతూనే ఉంది. ఆఖరి బస్సుకు టైమైందని నేను లేచొచ్చేశాను. సంఘానికి ఇచ్చిన రిపోర్టులో రాసిన మాటలు నా అక్షరాలతో సహా కళ్ళముందు కనబడ్డాయి: 'తల్లి అశ్రద్ధ'. లేచి గట్టు దాకా నడిచి మళ్ళీ వచ్చి అక్కడే కూర్చున్నాను.

నాలుగు కావస్తుండగా లోపల్నుంచి గురవమ్మ కేక వినబడింది. "పోసిందమ్మా! నా చీరంతా తడిపింది!" సలోమీ గారు మోకాళ్ళ నొప్పి మర్చిపోయి గుడిసెలోకి దూరారు. మల్లి నాయనమ్మ ఒళ్ళో అలిసిపోయి పడుంది. కంటి కొలుకులో ఒక చుక్క తడి కూడా కనబడింది. సలోమీ గారు నాడి చూసి, ఇప్పుడు కదిలించాల్సిన పనిలేదు, రాత్రికి తాను ఇక్కడే ఉంటానన్నారు. ఆఖరి బస్తా దించి చెమట తుడుచుకుంటున్న సుబ్బయ్యకు ఈ సంగతి చెబితే, "సంతోషం తల్లీ. అయితే మళ్ళీ ఎక్కించాలిగా!" అని ఆ బస్తాల వరస చూసి నవ్వాడు. ఆ మధ్యాహ్నం నుంచీ నవ్వినవాడు అతనొక్కడే.

బయల్దేరేముందు నాగమ్మ దగ్గరికి వెళ్ళాను. క్షమించమ్మా అనడానికి మా పంతులమ్మలకు నోరు తిరగదు. చేతులు పట్టుకుందామని ముందుకు చాచాను. ఆ పిల్ల గబుక్కున రెండు చేతులూ వెనక్కి పెట్టుకుంది.

"ముట్టుకోమాకండమ్మా. మీకు మండుద్ది."

సుబ్బయ్య నన్ను ఖాళీ ట్రాక్టరులోనే మార్టూరులో దించాడు. ఐదున్నర తర్వాత గుంటూరుకు ఒకటే ఎక్స్‌ప్రెస్ ఉంటుంది, దానికి చార్జీ రూపాయి ఎక్కువ. నిలబడే వచ్చాను. గొంతులో మంట పేట దాటేదాకా ఉంది. ఇంటికొచ్చి చెయ్యి ఎన్నిసార్లు కడుక్కున్నా, మర్నాడు పొద్దున కన్ను నులుముకుంటే భగ్గుమంది. రెండు మూడు గంటలు ఆ చెంబులూ ఆ చేతులూ పట్టుకున్నందుకే అంత. మల్లి కోలుకుందని, లేచి కూర్చుని గంజి తాగుతోందని మంగళవారం సలోమీ గారు రాసిన కార్డు గురువారం అందింది.

కార్డు వచ్చేలోపే, బుధవారం, బడికి సెలవు పెట్టి బల్లికురవ వైపు చేలకు వెళ్ళాను. గుడిసెలు లేవు. కోత అయిపోయింది, వాళ్ళు లేచిపోయారు. నల్లబడ్డ పొయ్యిరాళ్ళు, చిరిగిన సంచి ముక్కలు, అక్కడక్కడా రాలిన తాలు మిరపకాయలు. చేను గలాయన గట్టు మీద కూర్చుని బీడీ కాలుస్తున్నాడు. ఆ పిల్లాడి సంగతి అడిగితే, "ఏ పిల్లోడమ్మా? ఇక్కడ పాతికమంది పిల్లలు. తల్లి పేరేంది?" అన్నాడు. నాకు తెలియదు. ఆ తల్లి అశ్రద్ధ గురించి రాశాను గానీ పేరు రాసుకోలేదు. అసలు అడగనే లేదు. వాళ్ళు కొందరు ఊళ్ళకు పోయారట, కొందరు వేరే చేలకు పోయారట. ఆ పిల్లాడు తాగాడా, తాగకుండానే ఉండిపోయాడా, ఎవరూ చెప్పలేకపోయారు. ఇక ఎవరూ చెప్పబోరని గట్టు దిగుతుంటే అర్థమైంది. సంఘం రిపోర్టులో ఆ మాట కొట్టేసి 'నేర్పిన టీచరు అశ్రద్ధ' అని రాయమన్నాను. ఎందుకమ్మా, జరిగిందేదో జరిగింది అన్నారు. నేనే కొట్టేసి రాశాను. దానివల్ల ఒరిగేదేమీ లేదని తెలుసు.

పేదవాళ్ళ దగ్గరికి మనం బియ్యమో మందో మాత్రమే తీసుకెళ్తున్నామనుకుంటాం. వాటితో పాటు మనకే అన్నీ తెలుసన్న నమ్మకాన్ని కూడా మోసుకెళ్తాం, దాని బరువు వాళ్ళ పిల్లల మీద పడుతుంది. మళ్ళీ వెళ్తానా అంటే వెళ్తాను, వేరే దారి లేదు గనక. మీరు వెళ్ళేట్టయితే ఒక్కటే సలహా. ఐదున్నర బస్సే పట్టుకోండి, డజను చెంచాలు తీసుకెళ్ళండి అని చెప్పవచ్చు గానీ అవి మర్చిపోయినా గడుస్తుంది. పిల్లల కోసం ఏం కలిపించినా, ఎవరి చేత కలిపించినా, వాళ్ళ చెంబులోనే ముందు మీరు తాగండి. అంచు ఎంత నల్లగా ఉన్నా సరే, మొదటి గుక్క మీదే కావాలి.